మీసాల సారును చంపింది నేనే

ముప్పై ఏళ్లుగా ఒక చావు నా మెడకు చుట్టుకుని ఉంది. భయపడకండి, నెత్తురు చుక్క కూడా కారలేదు. అయినా చంపింది నేనే. మీరు నవ్వితే నవ్వండి, నేనూ మధ్యమధ్య నవ్వుకుంటూనే రాస్తున్నాను.

ఎనభయ్యో దశకం చివర. గల్ఫ్‌లో, రుసైల్ అనే చోట మా కంపెనీ క్యాంపు. మాకంటే ముందు అక్కడున్న టర్కీ పనివాళ్లు వెళ్లిపోతూ ఒక టీవీ, వీసీఆర్, అట్టపెట్టెడు సినిమా క్యాసెట్లు వదిలేశారు. అన్నింట్లోనూ ఒకడే హీరో. పేరు తెలియక మేము మీసాల సారు అన్నాం. టర్కీ ఇంజనీరుకు ఆర్నెల్లు టీ కాచి పోశాను కదా, ఆ భాష నాకు వచ్చని కోతలు కోశాను. వచ్చింది నాలుగే మాటలు: టీ, రా, పో, ఒక తిట్టు.

శుక్రవారం సెలవు, మధ్యాహ్నం అన్నాలయ్యాక రూమంతా టీవీ ముందు చేరేది. నేను పక్కన నిలబడి కథ చెప్పేవాణ్ణి. కుర్రాడిగా గూండాలను తన్నడం, తర్వాత లారీ డ్రైవరు, ఆ తర్వాత పోలీసు వేషాలు, ఆయన సినిమా బతుకంతా నా నోటి మీదే నడిచింది. కోర్టులో ఆయన ఏం వాదించాడో దేవుడికెరుక, నేను మాత్రం మా మేస్త్రీని తిట్టించాను. అందరికంటే లచ్చన్నకు పిచ్చి ఎక్కువ. జగిత్యాల వైపు మనిషి, తాపీ పని. వారమంతా ఆ మధ్యాహ్నం కోసమే ఎదురుచూసేవాడు.

ఒకరోజు సంబరంగా వచ్చాడు.

"తమ్మీ, మన సైట్‌కు టర్కీ ఫోర్‌మన్ వచ్చిండు! శుక్రారం రూమ్‌కు రమ్మన్న. నువ్వు చెప్పే కథ ఆయన గూడ ఇంటడు."

ఆయన వస్తే నా నాలుగు మాటల బండారం బయటపడుతుంది. అబద్ధం దానంతటదే వచ్చేసింది.

"ఇంకేం కథ అన్నా? మీసాల సారు సచ్చిపోయిండు. రేడియోల చెప్పిండ్రు."

లచ్చన్న గోడకు ఆనుకుని కూలబడ్డాడు. ఇక సినిమా ఎవరు పెడతారు? ఫోర్‌మన్‌కు పిలుపు రద్దయింది. వారం తిరక్కుండానే అతన్ని వేరే సైట్‌కు మార్చేశారు. ఆ సంగతి ముందే తెలిస్తే ఎంత బాగుండేది!

మూడో రోజు పొద్దున పిట్టకు పెట్టాల్సిందేనన్నాడు లచ్చన్న. మా వైపు పోయినవారికి ఇష్టమైనవి వండిపెట్టి, కాకి ముట్టేదాకా కాచుకుంటాం. ముట్టకపోతే పోయినవారి కోరిక ఏదో మిగిలిందని అర్థం. అన్నం, మటన్, పక్కన రెండు సిగరెట్లు పెట్టాడు. గోడ మీద కాకులు బారులు తీరాయి, ఒక్కటీ దిగలేదు. బతికున్నవాడి ముద్ద కాకి ముడుతుందా? నిజం చెప్పేద్దామని నోరు తెరిచాను కూడా. అంతలో లచ్చన్న చేతులు జోడించాడు.

"నీ మనసుల ఏమున్నదో ఎరుకైంది సారూ. ఇగ ఎవ్వని సినిమా సూడ. నా బిడ్డ మీద ఒట్టు."

ఒక కాకి దిగి మటన్ ముక్క ఎత్తుకుపోయింది. రూమంతా కళ్లు తుడుచుకుంది. తర్వాత భోజనాల్లో నేను మటన్ రెండుసార్లు వేయించుకున్నాను. సిగ్గు లేదా నాకు?

లచ్చన్న ఒట్టు తప్పలేదు. రూమ్‌లో తెలుగు సినిమా పెట్టినా లేచి బయట కూర్చునేవాడు. కొన్నేళ్లకు మత్రా బజారులో ఒక క్యాసెట్ల దుకాణంలో, కొత్త సినిమా క్యాసెట్ మీద మీసాల సారు బొమ్మ చూశాను. మీసం నెరిసింది, పక్కన కొడుకు వేషంలో ఎవరో కొత్త కుర్రాడు. అయ్యో, బతికే ఉన్నాడే అని పట్టరాని సంతోషం! చంపింది నేనేనని ఒక నిమిషం మరిచిపోయాను. తర్వాత లచ్చన్న కంటపడకుండా దాన్ని వెనక వరుసలోకి తోసి వచ్చాను.

ఆ రోజు ఒప్పుకుంటే ఏమయ్యేది? నాలుగు తిట్లు తిని, వారం రోజులు నవ్వులపాలయ్యేవాణ్ణి. అంతేగా? ఆ వారం పరువు కోసం, ఎండలో ఇటుకలు పేర్చి వచ్చిన మనిషికి ఉన్న ఒక్క సరదాను, అదీ అతని చేతనే వదిలించాను.

మొన్న ఫోన్లో మాట్లాడుకున్నాం. ఊళ్లోనే ఉంటున్నాడు. ఒట్టు పెట్టుకున్న ఆ బిడ్డకు పుట్టిన కూతురు సినిమాకు పోదాం తాతా అని చేయి పట్టి గుంజితే, ఒట్టుందని రానన్నాడట. చెప్పేయాలని గొంతు దాకా వచ్చింది. "మంచిగ చేసినవే అన్నా" అన్నాను.

మీకు మాత్రం చెప్పేశాను. మీసాల సారు ఆ రోజు చావలేదు. రాసి చూసుకుంటే ఎంత చిన్న మాట! నాకు హాయిగా ఉంది. లచ్చన్నకు ఇంకా తెలియదు.