జిల్లేడాకు, టరాక్సాస్టెరాల్

రథసప్తమి ముందురోజు సాలూరు నుంచి అరసవల్లి వైపు వెళ్లే బస్సులో నా పక్కన ఒక ముసలావిడ ఒడిలో జిల్లేడాకుల మూటతో కూర్చుంది.

"సీటంతా పాలు కారతన్నాయి. మూట దించెయ్ మామ్మా!" అన్నాడు కండక్టరు.

"అరసవల్లి తీసికెల్తన్నాను నాయినా, మనవరాలి తానానికి," అంటూ ఆమె మూటను గుండెకు హత్తుకుంది.

లైబ్రరీలో చదివింది చెప్పకుండా ఉండలేకపోయాను. "ఈ పాలలో టరాక్సాస్టెరాల్ అనే మందు పదార్థం ఉందండీ. చలిదేశాల్లో పూసే డాండిలియన్‌లోనూ అదే ఉంది. ఆ పువ్వు శాస్త్రీయ నామం నుంచే ఈ పదార్థానికి పేరొచ్చింది."

"అంత పేరుంటే ఉండనీ," అని కండక్టరు నవ్వుతూ ముందుకెళ్లాడు.

"ఆ పువ్వుని సూసినావేటి బాబూ?" అందామె.

"లేదు మామ్మా, బొమ్మే చూశాను."

ఆమె ఒక ఆకు తీసి నా తలమీద పెట్టింది. "ఇదీ దాని సుట్టమే కదేటి!"

సముద్రాల అవతలి పువ్వేదో తాకినట్టయింది. ఊరొచ్చేదాకా తల కదపలేదు.