ముప్ఫై ఉత్తుత్తి గుండీలు

మొన్న డెట్రాయిట్ పక్కనున్న ట్రాయ్‌లో మనవరాలి స్కూలు బయట నిలబడి ఉంటే, ఓ చిన్నపిల్ల తన బూటు పట్టీని చర్రున ఊడదీసింది. వెల్క్రో చప్పుడు. అరవై ఎనిమిదేళ్లొచ్చినా ఆ చప్పుడు వింటే నా చెవులు ఎర్రబడతాయి, ఆ వెంటనే యూనా ఆంటీ గుర్తొస్తుంది.

యూనా ఆంటీ ఐర్లండ్ నటి. ఓ రేవు ఊళ్లో చేపలమ్మేవాళ్ల ఇంట పుట్టి, పదహారో ఏట డబ్లిన్ వెళ్లి నాటకాల్లో చేరింది. మొదటి వేషం పళ్లెం పట్టుకుని నిలబడటం. "ఆ పళ్లెం నాకంటే బాగా నటించింది," అనేది. తర్వాత ఓ నాటక బృందంతో అమెరికా వచ్చి, ఇక్కడే ఉండిపోయి, న్యూయార్క్‌లో పేరు తెచ్చుకుంది. ఆపైన టీవీ. ఒకే సీరియల్లో గయ్యాళి ఇంటి ఓనరుగా తొమ్మిదేళ్లు చేసింది. 1970ల చివర్లో ఆ సీరియల్ ఆగిపోయింది. సూపర్‌మార్కెట్లో జనం ఆ పాత్ర పేరుతో పిలిచి పలకరించేవారు గానీ, పని మాత్రం ఎవరూ ఇవ్వలేదు. యాభై ఎనిమిదేళ్ల వయసులో డెట్రాయిట్‌లోని చిన్న థియేటర్ ఒకటి పిలిస్తే, పెట్టె సర్దుకుని వచ్చేసింది.

అక్కడ నేను కుట్టుపనికి చేరి అప్పటికి మూడు నెలలు. మా ఆయన కార్ల కంపెనీలో ఇంజనీరు. ఊరి శివార్లలో, ఫార్మింగ్టన్ హిల్స్‌లోని మా ఇంట్లో కిటికీ దగ్గర కూర్చుని మంచు చూసీ చూసీ విసుగెత్తి, నేనే వెళ్లి పని అడిగాను. పెద్దావిడను పేరు పెట్టి పిలవడానికి నోరు రాక "ఆంటీ" అన్నాను. ఆవిడ నన్ను ఎగాదిగా చూసి, "నాకు తోబుట్టువులు లేరు. ఆంటీ అనిపించుకునే యోగం లేదనుకున్నాను," అంది. ఆవిడ మాట్లాడింది ఇంగ్లీషే అయినా, నాకు ఆ మాటలన్నీ తెలుగులోనే గుర్తున్నాయి.

ఆ థియేటర్ వేస్తున్న నాటకంలో ఆవిడ ఒక స్త్రీ జీవితాన్ని ముసలితనం నుంచి వెనక్కి నటించాలి. చివరి సీన్లో పదహారేళ్ల పిల్లగా ఓడ ఎక్కాలి. నల్లగౌను విప్పి నీలం గౌను వేసుకుని రావడానికి ఉన్నది నలభై సెకన్లు. రిహార్సల్లో నిమిషన్నర పట్టింది. డైరెక్టరు వాచీ చూసుకుని, శుక్రవారానికి కుదరకపోతే ఆ సీన్ వేరే అమ్మాయి చేస్తుందన్నాడు.

ఆంటీ బట్టలగదిలోకి వచ్చి తలుపు వేసి, కుడిచెయ్యి ఎత్తి చూపించింది. అది భుజం దాటి పైకి లేవలేదు.

"ఎన్నాళ్ల నుంచి?" అన్నాను.

"ఏడాదిగా. వీళ్లకి తెలిస్తే సీన్ కాదు, నాటకమే తీసేసుకుంటారు. ఇక చచ్చేదాకా ఇంటి ఓనరమ్మనే."

మా అమ్మ ఏలూరులో కూచిపూడి పిల్లలకు డ్రెస్సులు కుట్టేది. పూలజడ చెదరకూడదని, ఏదీ తలమీంచి వేసుకునేలా కుట్టేది కాదు. అది గుర్తొచ్చి, నీలం గౌనును వెనకాల మెడ నుంచి అంచుదాకా విప్పేశాను. ఇప్పుడు చేతులు ముందుకు చాపితే చాలు. కనపడటానికి పైన ముప్ఫై ఉత్తుత్తి గుండీలు, లోపల వెల్క్రో. నల్లగౌనుకీ అలాగే చేశాను. చాలా తెలివైనదాన్ననుకున్నాను.

గురువారం రిహార్సల్లో ముప్ఫై అయిదు సెకన్లే పట్టింది. కానీ నాటకం మొత్తంలో అది నిశ్శబ్దంగా ఉండాల్సిన ఘట్టం. చీకటి స్టేజీ పక్కనుంచి చర్రుమని చప్పుడు హాలంతా వినపడింది. లైట్లవాళ్లు పగలబడి నవ్వారు. డైరెక్టరు నవ్వలేదు. "రేపు మధ్యాహ్నం, ఆఖరుసారి," అన్నాడు. నాకు తలెత్తుకోవాలనిపించలేదు. ఆంటీ మాత్రం, "టైము కుదిరింది. ఇక దాని నోరు మూయించడమే మిగిలింది," అని రెండు గౌన్లూ నా చేతిలో పెట్టింది.

మర్నాడు పొద్దున్నే జాకెట్ల కోసం అమ్మ పంపిన టిచ్ బటన్ల అట్టలు బయటికి తీశాను. మా ఆయన టై కట్టుకుంటూ చూసి, ఆ టై తీసేసి నా పక్కన కూర్చున్నారు.

"నువ్వు కుట్టు. ఈ వెల్క్రో నేను రిమూవ్ చేస్తా. ఆఫీస్‌కి ఓ పూట లేట్‌గా వెళ్తే కార్లేం ఆగిపోవులే."

మధ్యాహ్నం స్టేజీ పక్కన మొదటి బటన్ దగ్గరే తడబడ్డాను. ఆంటీ వెనక్కి తిరక్కుండానే, "నువ్వు తొందరపడకు. చేతుల్ని పోనీ," అని గుసగుసగా అంది. చేతుల్ని పోనిచ్చాను. ముప్ఫై మూడు సెకన్లు, చీమ చిటుక్కుమనలేదు. డైరెక్టరు వాచీ జేబులో పెట్టుకుని, "సీన్ మీదే," అన్నాడు.

ఆదివారం మధ్యాహ్నం మొదటి ప్రదర్శన. నీలం గౌనులో ఆవిడ ఓడ ముందు నిలబడితే, ఆ భుజం సంగతి తెలిసిన నాకు కూడా పదహారేళ్ల పిల్లే కనిపించింది. తెర పడేసరికి హాలంతా లేచి నిలబడింది. ఆవిడ వంగి నమస్కరించి, ఉన్నట్టుండి జనానికి వీపు చూపిస్తూ వెనక్కి తిరిగింది. డైరెక్టరు కంగారుపడ్డాడు. ఆవిడ తల తిప్పి, పక్కన చీకట్లో ఉన్న నన్ను చూసి కన్ను కొట్టింది. ఎందుకో తెలియకుండానే ఆ జనం నా ముప్ఫై గుండీలకూ చప్పట్లు కొట్టారు. నేను ఏడ్చేశాను, సంతోషంతోనే.

ఆ తర్వాత న్యూయార్క్ మళ్లీ పిలిచింది. 1980లు గడిచేదాకా ఆవిడ స్టేజీ దిగలేదు. ఎవరు పిలిచినా, "నా గౌన్లు మా పిల్లే కుడుతుంది," అని ముందే షరతు పెట్టేది. ఇంటి ఓనరమ్మ వేషం మళ్లీ వేయలేదు.

ఇప్పుడు నేను ఇక్కడి కూచిపూడి పిల్లలకు డ్రెస్సులు కుడుతున్నాను. ప్రతి జాకెట్టు వీపునా ఉత్తుత్తి గుండీల వరస ఒకటి ఉంటుంది. పోయిన వారం ప్రోగ్రాం మొదలయ్యే ముందు ఓ అమ్మాయి మెడ తిప్పి చూసుకుని అడిగింది.

"ఆంటీ, ఈ బటన్స్ ఓపెన్ అవ్వవు కదా. ఎందుకు పెట్టారు?"

"డాన్స్ అయ్యాక అందరూ క్లాప్స్ కొడతారు కదా, అప్పుడు ఒక్కసారి వెనక్కి తిరుగు. చెప్తాను," అన్నాను.