గేటు తెరవని కార్పొరల్

మా సెయింట్ ఎలిజబెత్ కొండల్లోని పోలీసు స్టేషన్‌లో ఎవరాల్డ్ టల్లాక్ ఇరవై ఆరేళ్లుగా కార్పొరల్. అందరికీ కార్పీ. దొంగలను పట్టుకున్న రోజులు అతని ఉద్యోగంలో తక్కువ. హద్దు గుర్తుగా నాటిన క్రోటన్ మొక్కను ఎవరో పీకి నాలుగడుగుల అవతల పాతారన్న ఫిర్యాదులు విన్న రోజులే ఎక్కువ. ఇక్కడి ఉమ్మడి నేలలు అలాంటివి. తాత విడిచిన భూమిని ఎవరూ పంచుకోరు, ఎవరూ అమ్మరు. ఆయన రక్తం పంచుకున్న ప్రతివారికీ అందులో హక్కుంటుంది, చివరికి సమాధికి చోటుతో సహా. కాగితం మాత్రం ఎవరి దగ్గరా ఉండదు.

ఉద్యోగంలో చేరిన కొత్తలో టల్లాక్ ఒక ముసలామెపై జాలిపడి, పొరుగువాని కంచెను దగ్గరుండి పీకించాడు. కంచె సరైన చోటనే ఉండేదని రెండేళ్లకు కోర్టు తేల్చింది. ఆ పొరుగువాడు ఇప్పటికీ చర్చిలో అతని పక్కన కూర్చోడు. ఆనాటినుంచి టల్లాక్ కోర్టు ఉత్తర్వు లేకుండా ఎవరి హద్దురాయినీ కదల్చలేదు.

ఆ మంగళవారం అయాంతీ స్టేషన్‌కు వచ్చింది. ఆమె భర్త ఆస్మండ్ చనిపోయి అప్పటికి ఆరు రోజులు.

"కార్పీ, మా చిన్నాన్న కొడుకు లాసెల్స్ గేటుకు గొలుసేశాడు. శనివారం మా ఆయన్ని మా తాత నేలలో పెట్టాలి. వచ్చి తాళం పగలగొట్టు."

"ఎందుకేశాడమ్మా?"

"ఇంటల్లుడు రక్తం కాదట, బయటివాడట. నలభై ఏళ్లు వాడి మేకలకు పురుళ్లు పోసినప్పుడు బయటివాడు కాలేదు!"

"మిస్ అయాంతీ, ఆ నేలలో ఎవరి హక్కెంతో కోర్టు చెప్పాలి. నేను తాళం ముట్టుకోకూడదు."

"కోర్టు చెప్పేసరికి ఆ మంచుపెట్టెలో ఆయన పక్కన నన్నూ పెట్టొచ్చు."

"తెలుసు."

"తెలిసీ కూర్చున్నావా? ఆ యూనిఫాం దేనికి, ఇస్త్రీ చూపించడానికా?"

ఆ సాయంత్రం టల్లాక్ మామూలు చొక్కా వేసుకొని లాసెల్స్ ఇంటికి నడిచాడు.

"శవంతో పంతమేంటి లాసెల్స్? గొలుసు తియ్యి."

"టోపీ పెట్టినా తీసినా నువ్వు పోలీసువే కార్పీ. ఉత్తర్వు తెచ్చావా? లేదుగా. అయితే పుచ్చకాయ ముక్క తిని పో."

టల్లాక్ ముక్క తిని వచ్చేశాడు.

శనివారం కొట్లాట జరగకుండా చూడడానికి యూనిఫాంలో వెళ్లాడు. సమాధి తవ్వేవాళ్లు తెల్లవారుజామునే రాతిగోడ దూకి వెళ్లి గుంట సిద్ధం చేశారు. శవపేటిక వచ్చింది. గేటుకు గొలుసు అలాగే ఉంది. అయాంతీ ఒకసారి టల్లాక్ వైపు చూసింది. అతడు తల దించుకున్నాడు.

"ఇక చూసింది చాలు," అని ఆమె మోసేవాళ్లవైపు తిరిగింది. "గేటు వాడు పెట్టాడు. గోడ మా తాత కట్టాడు. గోడమీంచి అందించండి."

నలుగురు లోపలికి దూకారు. పేటిక గోడపైకి లేచింది. అంతలో లాసెల్స్ కొడవలితో పరుగెత్తుకొచ్చాడు.

"కార్పీ! ఆపు వాళ్లని! ఇది ఆక్రమణ!"

"ఆమెకు హక్కు లేదని కోర్టు చెప్పిందా?"

"నేను చెప్తున్నా!"

"నువ్వు కోర్టువి కావు. నేనూ కాను. ఆ కొడవలి ఇటివ్వు. అదొక్కటే నా పని."

లాసెల్స్ కొడవలి ఇచ్చి, "సోమవారం వకీలు దగ్గరికి పోతున్నా," అన్నాడు.

"పో నాయనా. ఇద్దరూ పొండి. ఎన్నాళ్లనుంచో అదే మొత్తుకుంటున్నా."

అయాంతీ గోడ ఎక్కబోయింది. టల్లాక్ చెయ్యి చాచాడు.

"అక్కర్లేదు," అని ఆమె తానే ఎక్కి అవతలికి దిగింది.

లోపల పాట మొదలైంది. సమాధిపై సిమెంటు పలక దించేవరకూ టల్లాక్ గోడ బయటే ఎండలో, చంకలో కొడవలితో నిలబడ్డాడు. లోపలికి వెళ్లడానికి అతని వద్ద ఉత్తర్వూ లేదు, ఆ తాత రక్తమూ లేదు.