కంప్యూటర్‌లో ఇంకో కంప్యూటర్

పిడుగురాళ్లలోని నా డీటీపీ షాపులో పాత కంప్యూటర్ కాలిపోయిన కొద్దిరోజులకే పెదనాన్న వచ్చాడు. సొంత పెదనాన్న కాదు, వీధిలో అందరం అలాగే పిలుస్తాం. సున్నపు బట్టీలో పనిచేస్తూ నాటకాలు రాసిన మనిషి. ఆయన పద్యనాటకం ఒకటి చాలా ఏళ్ల కిందట నేనే టైపు చేశాను. చేతిరాత ప్రతిని చెదలు తినేశాయట. ఇప్పుడు మాచర్లలో మళ్లీ ఆడబోతున్నారు.

"ఉందా అమ్మాయ్, నీ కాడ?"

ఫైలుంది, అప్పట్లోనే సీడీలో దాచాను. కొత్త కంప్యూటర్‌లో తెరిస్తే మాత్రం అన్నీ గీతలూ చుక్కలే. పాత అక్షరాల్ని కొత్తవాటిలోకి మార్చే కన్వర్టర్‌లో వేస్తే ఒత్తులు చెల్లాచెదురయ్యాయి. ఆ తెలుగు సాఫ్ట్‌వేర్‌కు విండోస్ 98 కావాలి.

అది ఎక్కించమని అడిగితే, సర్వీసు చేసే మెకానిక్ నవ్వాడు. "చచ్చినోడికి సెలైన్ ఎక్కిస్తావేందక్కా? ఇప్పుడు ఫోన్లో మాట్లాడితే అదే టైపు అవుద్ది. ఆ పాత కీబోర్డు నీతోనే పోద్ది."

పదో తరగతితో చదువాపేసి, ఆ కీబోర్డు మీదే ఇల్లు నడిపినదాన్ని. ఒళ్లు మండింది.

"నేనింకా పోలేదుగా!" అన్నాను.

కంప్యూటర్ లోపలే ఇంకో కంప్యూటర్ ఉన్నట్టు నడిపించొచ్చని, దాన్ని వర్చువల్ మెషీన్ అంటారని విన్నాను. ఎవరో హిందీలో చెప్పిన వీడియో చూస్తూ, సగమే అర్థమవుతున్నా మొదలుపెట్టాను. పాత విండోస్ సీడీని కాపీ చేసి ఎక్కించాను, దాని మీద ఆ తెలుగు సాఫ్ట్‌వేర్ పెట్టాను. మెమరీ ఎక్కువిస్తే మొరాయించింది, తగ్గించాను. తెర మీద రంగులు వెలవెలబోతే, వాటిని సరిచేసే డ్రైవర్ ప్రోగ్రామ్ వెతికి పెట్టాను.

మా ఆయన చూసి, "కొత్తది కొని దాంట్లో పాతది కూర్చోబెడతావా? జనం నవ్వుతారే," అన్నాడు.

"నవ్వనీ."

చివరికి ఫైలు తెరుచుకుంది, ఒత్తులతో సహా. పెదనాన్నకు కబురుపెట్టి, కుర్చీ వేశాను. ఆయన తెర చూసి రాగం అందుకున్నాడు. పక్క టీకొట్టు దగ్గరున్న లారీ డ్రైవర్లు వచ్చి గుమ్మంలో నిలబడ్డారు. ఉన్నట్టుండి ఆయన పాట ఆపాడు.

"ఈ పద్యం మార్చాలమ్మాయ్. కూలోడు దొర కాళ్లమీద పడతన్నాడు. అప్పుడట్టా రాశా. ఇప్పుడొద్దు. నిలబడి అడగమను."

ఆయన చెబుతుంటే కీబోర్డు వైపు చూడకుండా కొట్టాను. నా వేళ్లు ఏదీ మర్చిపోలేదు.

మాచర్లలో ఆ పద్యానికి వన్స్‌మోర్ కొట్టారు. నేను ముందు వరసలోనే ఉన్నాను. తెల్లారి పెయింటర్ని పిలిచి, షాపు బోర్డు మీద ఇంకో వరస రాయించాను: పాత తెలుగు ఫైళ్లు తెరవబడును.