రాకెట్ కింద నిమ్మకాయ

కెనడాలోని ఒషావాలో ఇంజినీరింగ్ చదువుతూ, ఒక తెలుగు కుటుంబం ఇంటి బేస్‌మెంట్‌లో అద్దెకుంటున్నాను. వాళ్లమ్మాయి సాన్వి సోమవారం స్కూల్లో రాకెట్ ఎగరేసి చూపించాలి. ఇద్దరం కలిసి ప్లాస్టిక్ బాటిల్‌తో ఒకటి చేశాం. అందులో కొంచెం నీళ్లు పోసి, సైకిల్ పంపుతో గాలి కొడతాం. గాలి నీళ్లను కిందికి తోస్తే, ఆ తోపుకే రాకెట్ పైకి లేస్తుంది.

ఆదివారం పెరట్లో ట్రయల్. బిరడా, రెక్కలు, స్టాండు అన్నీ రెండేసి సార్లు చూసుకుని, పంపు కొట్టి, బిరడా ఊడేలా తాడు లాగాను. రాకెట్ వాలుగా దూసుకెళ్లి, ఇంటి వెనక చెక్క డెక్ మెట్లు దిగుతున్న అంకుల్ చేతిలోని మిరపకాయ బజ్జీల పళ్లేన్ని ఎగరగొట్టింది! సాన్వి కళ్లలో నీళ్లు తిరిగాయి.

"ఏం ఇంజినీరువయ్యా బాబూ! బజ్జీలు నిన్నేం చేశాయి?" అన్నారు అంకుల్, తడిసిన చొక్కా దులుపుకుంటూ.

చూస్తే, స్టాండు ఒక కాలి కింద నిమ్మకాయ!

"నువ్వు పంపు తేవడానికి వెళ్లినప్పుడు నేనే పెట్టాను. కొత్త కారుకి పెట్టమా?" అన్నారు ఆంటీ.

"మామ్! ఇట్స్ నాట్ ఎ కార్!" అని అరిచింది సాన్వి.

సోమవారం రాకెట్ నిటారుగా లేచింది. దానికి పైనా కిందా తెలియదు, మనం ఎటు నిలబెడితే అటే పోతుంది. ఇప్పుడు నా చెక్‌లిస్టులో మొదటి ప్రశ్న, స్టాండు కింద నిమ్మకాయ ఉందా అని. ఆ సోమవారం మాత్రం నిమ్మకాయ సాన్వి జేబులో ఉంది.