పది నిమిషాల పాదాలు

ఆ రోజుల్లో, అంటే ఎనభైల మొదట్లో, కెమెరాకి కన్ను ఆనించిన ప్రతివాడూ తానో మహా దర్శకుడనుకునేవాడు. హోనొలులులో చదువు వెలగబెడుతున్న నేను మాత్రం తక్కువ తిన్నానా? మా ప్రొఫెసర్ హవాయి పాత హులా నృత్యాలను ఫిల్ము తీస్తూ, ట్రైపాడ్ మోయడానికి నన్ను పెట్టుకున్నాడు. ఊరంతా ఆంటీ అని పిలిచే డెబ్భై ఏళ్ల పెద్దావిడ (పరాయి పెద్దవాళ్లను ఆంటీ అనడం మనకే కాదు, వాళ్లకీ అలవాటే) తనకు తప్ప ఎవరికీ రాని ఒక నృత్యం కెమెరా ముందు చేయడానికి ఒప్పుకుంది. "ఒక్కసారే చేస్తాను. కాలిఫోర్నియాలో ఉన్న మా మనవరాలి కోసం," అంది.

తీరా ఆ రోజు పాట పట్టే సౌండ్ రికార్డర్ మొరాయించింది. ప్రొఫెసర్ దాని పని పడుతూ, "నువ్వే షూట్ చెయ్," అన్నాడు. నాకు తెలిసిన నాట్యమల్లా మా అక్క కూచిపూడి. మాస్టారు కర్రతో తాళం వేస్తూ "పాదం చూడు, పాదం!" అని అరవడం చిన్నప్పటి నుంచీ విన్నవాణ్ణి. ఇంకేం, జూమ్ చేశాను. పది నిమిషాల రీలంతా ఆంటీ పాదాలే!

గోడ మీద వేసి చూస్తే, రెండు కాళ్లు అటు నాలుగడుగులు, ఇటు నాలుగడుగులు. "చేతులేవీ?" అన్నాడు ప్రొఫెసర్. హులాలో కథంతా చేతులే చెబుతాయట. (ఆ ముక్క ముందే చెప్పి ఏడవచ్చుగా!) నాకు తల కొట్టేసినట్లయింది. ఆంటీ మాత్రం కోప్పడలేదు. "మళ్లీ కెమెరాకి చెయ్యను, మాటంటే మాటే. పోగొట్టింది నువ్వు గనక నేర్చుకునేదీ నువ్వే. శనివారం రా," అంది. ఏడాది పాటు ప్రతి శనివారం వెళ్లాను. "అది సముద్రం, బాబూ. నువ్వు ఈగలు తోలుతున్నావు," అని చేతి మీద ఒక్కటిచ్చేది.

మరుసటి ఏడు ఆంటీ పోయింది. మనవరాలు వచ్చింది. గోడ మీద ఆ పాదాలు ఆడుతుంటే, పక్కన నిలబడి నేను చేతులు తిప్పాను. మొదట పకపకా నవ్విన పిల్ల కాస్తా, "అవి గ్రాండ్మా చేతులే," అని ఏడ్చేసింది. నేనూ ఏడ్చాను. నెల రోజులు కూర్చోబెట్టి మొత్తం నేర్పాను.

ఈమధ్య ఆమె వీడియో పంపింది. ముప్పైమంది పిల్లలు అదే నృత్యం చేస్తున్నారు. చంద్రుణ్ణి చూపే చోట నా కుడి మణికట్టు ఏనాడూ సరిగ్గా తిరగలేదు, ఆంటీ తిట్టి తిట్టి వదిలేసింది. చూద్దును కదా, ముప్పైమంది మణికట్లూ అచ్చం అక్కడే, అంతే వంకరగా ఆగాయి. చెప్పేద్దామని ఫోన్ తీశాను. "మా గ్రాండ్మా ఎలా చేసేదో అలాగే," అని వీడియో కింద రాసి ఉంది. ఫోన్ పెట్టేశాను.