ఫిర్దోస్ నవ్వని వాన

తప్పు నాదే. ముందే ఒప్పుకుంటాండా, తర్వాత ఎవురూ రాళ్లు తీసుకోవద్దండి. మా ఊర్లో సినిమా తీసేకి వచ్చినోళ్లకు, హీరో చెల్లెలి వేషం వేయాల్సిన పిల్ల హైదరాబాద్ నుంచి రాకపాయ. "ఈ ఊళ్లో ఎవరైనా నటించేవాళ్లున్నారా?" అని డైరెక్టర్ నన్ను అడిగినాడు. దావెంట గడ్డిమోపు ఎత్తుకొని పోతాండే ఫిర్దోస్‌ను చూపించి, "ఆ పాప మూడు షార్ట్ ఫిల్ములు చేసింది సార్" అని ఊరికే ఒక అబద్ధం ఇసిరినా. అది పోయి తగిలింది.

ఫిర్దోస్ ఉరవకొండలో ఇంటర్ రెండో సంవత్సరం చదువుతాండాది. కెమెరా ముందర కూచునిందంటే కాలేజీ ఐడీ కార్డుకే. సినిమావాళ్లు ఆ పాప నాయన గౌస్ పీర్‌ను అడిగితే, ఆయప్ప బుర్ర గీరుకున్యాడు.

"సరేగానీ, మా చేన్లోనే తీసుకోండప్పా. శెనక్కాయ పెరికి కుప్పేసినా. కావిలి ఇడిసి నేను యాడికీ రాను."

ఆ కుప్పే ఇంటిల్లిపాదికీ ఈ ఏటి ఆశ. పోయిన రెండేండ్లూ వానల్లేక ఏసిన ఇత్తనాలు కూడా తిరిగి రాలేదు. ఈసారి కాయ బాగా దిగింది. చెట్లతోనే పెరికి, ఆరేసి, కుప్పేసినారు. కాయ ఇడిపించేదొక్కటే మిగిలింది. ఇప్పుడు తడిసిందంటే కాయ లోపలే మొలకొస్తాది, మేతకు దాచుకునే ఎండుచెట్టు, అదే కట్టె, బూజు పడ్తాది, ఎద్దులు కూడా మూతి తిప్పుకుంటాయి.

మూడు ఫిల్ములు చేసిన మనిషికి చెప్పేదేముందని ఫిర్దోస్‌కు ఎవురూ ఏమీ చెప్పలేదు. అసిస్టెంట్ పద్మప్రియ వచ్చి మొఖానికి మట్టి పూసింది. సబ్బుతో రెండుసార్లు కడుక్కొని వచ్చిన పిల్లకు అదే మొదటి అయోమయం.

"కుప్ప పక్కన నిలబడు. నేను చెయ్యి ఊపగానే ఆకాశం వైపు చూసి, చేతులు చాపి నవ్వు" అనింది పద్మప్రియ.

"ఎందుకక్కా?"

"వానొచ్చింది కదా."

ఫిర్దోస్ పైకి చూసింది. యాడా మబ్బు లేదు, మోడం తునక లేదు. రాకపోయినా వచ్చిందనుకొని నవ్వల్లేమో అనుకునింది. గట్టు పక్కన ట్యాంకర్ నిలబడింటే, ఇంతమందికీ తాగే నీళ్లేమోలే అనుకునింది.

పద్మప్రియ చెయ్యి ఊపింది. ఫిర్దోస్ చేతులు చాపింది. నడినెత్తిన దబదబా వాన!

నవ్వు యాడికి పోయిందో. "నాయనా! కాయ తడుస్తాంది!" అని ఒక్క కేక. గట్టు మీద టీ తాగుతాండే గౌస్ పీర్ గ్లాసు ఇసిరేసి దూకినాడు. ఇద్దరూ పట్ట లాగి కుప్ప మీద కప్పినారు. జారిపోతాండే పట్ట కొస మీద ఫిర్దోస్ బోర్లా పడుకునింది. వాళ్లమ్మ హలీమాబీ మాత్రం, పోయే నీళ్లు ఎందుకు పోనీల్లని, బిందె తెచ్చి కింద పెట్టింది.

ట్యాంకర్ పైపు కట్టేసినారు, వాన టక్కున నిలిచిపాయ. అందరూ చప్పట్లు. తిడ్తాండారో మెచ్చుకుంటాండారో ఫిర్దోస్‌కు తెలీలేదు.

"బాగా చేశావు. కానీ నవ్వలేదేమమ్మా? కరువు సీమలో వానొస్తే ఆనందమే కదా?" అన్నాడు డైరెక్టర్.

"కాయ పెరికినాంక వానొస్తే ఎవురు నవ్వుతారు సార్? ఇత్తనమేసేటప్పుడు రమ్మనండి, నవ్వుతా. ఇంతకీ ఇప్పుడు నేను నవ్వల్లా, ఏడ్సల్లా?"

డైరెక్టర్ చేతిలో కాగితం చూసినాడు, కుప్ప చూసినాడు. కాగితం మడిచి జేబులో పెట్టుకున్యాడు.

"ఇప్పుడు చేసిందే మళ్లీ ఒక్కసారి చేస్తావా?"

"ఈ కుప్ప మీద ఇంకో చుక్క పడిందంటే నేను ఇంటికి పోతా. కాయ లేని కట్టెతో వేరే కుప్ప ఏసుకోండి."

ఆ కట్టె మా ఇంటి నుంచే మోసినారు. మా నాయన తిప్పయ్య నన్ను చూసిన చూపుకు, పట్ట కింద నేను కూడా దూరుకుందామనుకున్యా.

మర్సనాడు పొద్దున పట్ట తీస్తే పై వరస తడిసింది, అడుగు భద్రంగా ఉండాది. తడి చెట్లు ఎండకు పరుస్తాండే ఫిర్దోస్ దగ్గరికి మెల్లగా పోయి, "నా పుణ్యాన యాక్టర్ అయిపోతివి. ఒక థాంక్స్ అన్నా చెప్పవా?" అంటి.

ఆ పాప నడుం ఎత్తి నన్ను పైనుంచి కిందికి చూసింది.

"నేను మూడు చేసినా కదా గిరన్నా, నాలుగోది నువ్వు చెయ్. సీను చెప్తా ఇను. ఈ ఎండలో కూచోని ఈ చెట్లన్నీ ఒకటొకటి తిరగెయ్యల్ల. నేను కట్ అనేదాకా లేసేది లేదు."